వెండి తొడుగులో మనిషి: బిన్ ఫురుయా నటజీవితం

1980లలో దూరదర్శన్ చూస్తూ పెరిగినవారికి 'జెయింట్ రోబోట్' గుర్తుండే ఉంటుంది. చేతి గడియారంలోకి మాట్లాడే ఒక కుర్రవాడు, ఆ మాట వినగానే ఆకాశం నుంచి దిగివచ్చే ఒక ఉక్కు మనిషి, దానితో తలపడే రకరకాల భూతాలు. మా వీధిలో అప్పటికి టీవీ ఉన్న ఇల్లు ఒక్కటే. ముందుగదిలో చాపల మీద పిల్లలం, వెనుక గోడకు ఆనుకొని పెద్దవాళ్ళు కూర్చునేవాళ్ళం. మాటలు పూర్తిగా అర్థమయ్యేవి కావు, అయినా కథ మాత్రం ఒక్క ముక్క కూడా పొల్లుపోయేది కాదు.

ఒకనాడు ఆ రోబోటు ఏదో భూతంతో హోరాహోరీగా కుస్తీ పడుతుండగా, వెనుకనుంచి మా నాయనమ్మ, "దాని లోపల మనిషి ఉన్నాడర్రా! పాపం, ఊపిరెట్లా ఆడుతోందో ఏమో" అంది. పిల్లలమందరం పగలబడి నవ్వాం. ఉక్కు రోబోటులో మనిషేమిటి? నాయనమ్మకు సినిమా సంగతులు ఏం తెలుసు?

తెలియనిది మాకేనని గ్రహించడానికి చాలా ఏళ్ళు పట్టింది. ఆ ధారావాహిక జపాన్‌లో 1967లో మొదలైనదనీ, రోబోటులోనూ భూతాల్లోనూ నిజంగానే మనుషులు ఉండేవారనీ పెద్దయ్యాక చదివాను. చదివినకొద్దీ నాయనమ్మ వేసిన ప్రశ్నే మళ్ళీ మళ్ళీ ఎదురుపడింది. లోపల ఉన్న మనిషి ఎవరు? ఊపిరి ఎట్లా ఆడింది? ముఖం కనబడని చోట అతను ఏం నటించాడు? ఈ ప్రశ్నలకు నాకు దొరికిన సమాధానాల్లో అన్నిటికన్నా సవివరమైనది, జెయింట్ రోబోట్‌కు ఏడాదికి పైగా ముందే జపాన్ పిల్లలను ఊపేసిన 'అల్ట్రామాన్' అనే వీరుడి తొడుగులో నిలబడిన నటుడి జీవితం. ఆయన పేరు బిన్ ఫురుయా.

ఆయన కథలోకి వెళ్ళే ముందు, అసలు మనుషులు రబ్బరు తొడుగుల్లో దూరే ఈ పద్ధతి ఎట్లా వచ్చిందో కొంచెం చెప్పుకోవాలి.

1954లో తోహో సంస్థ 'గాడ్జిల్లా' చిత్రం తీసింది. దర్శకులు ఇషిరో హొండా, ప్రత్యేక దృశ్యాల నిర్వాహకులు ఎయిజి సుబురాయ. సుబురాయకు 1933 నాటి అమెరికన్ చిత్రం 'కింగ్ కాంగ్' మీద గొప్ప ఆరాధన. అందులో చిన్న బొమ్మను ఒక్కొక్క ఫ్రేముకూ ఇంచుక జరుపుతూ తీశారు. ఆ పద్ధతిలో గాడ్జిల్లాను తీయడానికి జపాన్ సంస్థ దగ్గర అంత సమయమూ లేదు, అంత డబ్బూ లేదు. కనుక ఒక మనిషికి భూతం తొడుగు వేసి, చుట్టూ ఊరినే చిన్నదిగా కట్టారు. 50 మీటర్ల ఎత్తున్న గాడ్జిల్లాకు తగినట్టు నగరాన్ని 25వ వంతు కొలతలో నిర్మించారు. మొదట తయారైన తొడుగు దాదాపు 100 కిలోల బరువు. దాన్ని మోసిన నటుడు హరువో నకజిమా.

ఇందులో ఇంకొక కిటుకు ఉంది. చిన్న భవనం కూలితే అట్టపెట్టె పడినట్టు చటుక్కున పడుతుంది, కొండంత భవనం పడినట్టు ఉండదు. అందుచేత కెమెరాను మామూలుకన్నా ఎంతో వేగంగా తిప్పి తీసి, తెర మీద మామూలు వేగంతో చూపేవారు. అప్పుడు ప్రతి కదలికకూ బరువు వస్తుంది. అయితే కెమెరా వేగం పెరిగితే ఒక్కొక్క ఫ్రేముకు అందే వెలుతురు తగ్గుతుంది. ఆ లోటు పూడ్చడానికి దీపాలు పెంచాలి. దీపాలు పెరిగితే వేడి పెరుగుతుంది. పైగా తెర మీద కదలిక నెమ్మదిస్తుంది కాబట్టి నటుడు మామూలుకన్నా చురుగ్గా కదలాలి. మండే దీపాల కింద, గాలి చొరబడని రబ్బరులో, రెట్టింపు వేగంతో పోరాడటం ఎట్లా ఉంటుందో ఊహించుకోండి. తెర మీద మనకు కనిపించే గాంభీర్యం వెనుక ఉన్న లెక్క ఇది.

బిన్ ఫురుయా 1943లో టోక్యోలో పుట్టారు. సినిమా నటుడు కావాలన్న కోరికతో తోహోలో చేరారు. ఏటా ఎందరో యువతీయువకులు అట్లా చేరేవారు. కొందరు కథానాయకులయ్యేవారు, తక్కినవారు గుంపులో నిలబడేవారు, ఒక వాక్యం పలికి వెళ్ళిపోయేవారు. ఫురుయా ఆ రెండో కోవలోనే ఉండిపోయారు. ఆరడుగులకు కొంచెం తక్కువ ఎత్తు, సన్నని నడుము, పొడవైన కాళ్ళూ చేతులూ. ఆనాటి జపాన్‌లో అటువంటి ఒడ్డూపొడవూ అరుదు. కథానాయకుడి అవకాశాలు తేవలసిన ఆ రూపం ఆయన్ను మరొక దారి పట్టించింది.

సుబురాయ 1963లో సొంత సంస్థ పెట్టుకున్నారు. ఆ సంస్థ తీసిన తొలి ధారావాహిక 'అల్ట్రా క్యూ', 1966 జనవరి 2న టీబీఎస్ చానెల్‌లో మొదలైంది. పేరులోని 'అల్ట్రా' అన్న మాట 1964 టోక్యో ఒలింపిక్స్ చలవే. జిమ్నాస్టిక్స్‌లో అసాధ్యమనిపించే విన్యాసాలకు అప్పుడు 'అల్ట్రా సి' అన్న పేరు దేశమంతటా మార్మోగింది. ఈ ధారావాహిక 19వ భాగంలో కెముర్ అనే గ్రహాంతరవాసి వస్తాడు. 2020వ సంవత్సరపు లోకానికి చెందినవాడు. ముదిరిపోయిన తమ శరీరాల స్థానే భూమి మీది పడుచు శరీరాలను ఎత్తుకుపోవడం వాడి పని. సన్నగా, పొడుగ్గా, రాత్రివేళ రోడ్డు మీద పోలీసు కారుకు అందకుండా అంగలు వేస్తూ తేలిపోయే ఆ ఆకారాన్ని చూసినవారు మరిచిపోలేరు. కెముర్ తొడుగులో ఉన్నది ఫురుయా. ఆ మరుసటి భాగంలో రాగోన్ అనే సముద్రజీవి కూడా ఆయనే.

ఈ కాళ్ళనూ చేతులనూ శ్రద్ధగా గమనించిన మనిషి ఒకరున్నారు. ఆయన పేరు తోరు నారిటా. చదువుకున్నది శిల్పకళ. పసితనంలో పొయ్యిలో పడి ఎడమచెయ్యి కాలిపోయిన మనిషి. రెండో ధారావాహిక 'అల్ట్రామాన్'లోని వీరుడికీ భూతాలకూ రూపకల్పన చేసే బాధ్యత ఆయనది. అంతవరకూ ఇటువంటి కథల్లో వచ్చే ఆకారాలన్నీ భయపెట్టేవి, కొమ్ములూ కోరలూ ఉన్నవి. నారిటా దీనికి ఎదురుగా నడిచారు. భూతం అల్లకల్లోలమైతే వీరుడు నిశ్చలమైన క్రమం కావాలి అన్నది ఆయన సిద్ధాంతం. అందుచేత అనవసరమైన అలంకారాలన్నీ తీసివేస్తూ పోయారు. వెండి రంగు ఒళ్ళు, దాని మీద ఎర్రని చారలు, కోడిగుడ్డు వంటి కళ్ళు, ప్రాచీన శిల్పాల పెదవుల మీద కనిపించే లీలామాత్రమైన చిరునవ్వు. ఒంటికి అతుక్కునే తొడుగు గనుక లోపలి శరీరంలోని ప్రతి లోపమూ బయటపడుతుంది. ఆ రూపానికి తగిన శరీరం తనకు తెలిసి ఫురుయాది ఒక్కటేనని నారిటా పట్టుబట్టారు.

ఫురుయాకు సంతోషం కలగలేదు. ముఖం చూపించడానికి కదా ఎవరైనా సినిమాల్లోకి వచ్చేది! కెముర్ అంటే ఒక వారం పని. ఇది నెలల తరబడి సాగే వేషం. కథలో హయతా అనే యువకుడు ఒక చిన్న గొట్టాన్ని పైకెత్తి అల్ట్రామాన్‌గా మారతాడు. ఆ హయతా వేషం సుసుము కురొబేది, ఆయనా తోహో నటుడే. పత్రికల్లో ముఖచిత్రాలు, వీధిలో ఆటోగ్రాఫులు కురొబేకు వస్తాయి. మారిన తర్వాతి కష్టమంతా ఫురుయాది. చివరికి గొంతు కూడా ఆయనది కాదు. అల్ట్రామాన్ పోరాడేటప్పుడు వేసే ఆ ప్రసిద్ధమైన కేక మసావో నకసొనే అనే మరొక నటుడిది. ముఖమూ లేదు, గొంతూ లేదు. ఒక నటుడి చేతిలోంచి ఈ రెండూ తీసేసుకుంటే మిగిలేది ఏమిటి? ఎంతో తటపటాయించి ఆయన ఒప్పుకున్నారు.

1966 జూలై 17న 'అల్ట్రామాన్' తొలి భాగం ప్రసారమైంది. నిజానికి ఒక వారం ముందే రావలసినట్టు లెక్క. కార్యక్రమం సిద్ధం కాలేదు. ఆ ఖాళీని పూడ్చడానికి ఒక రంగస్థల ప్రదర్శన చేసి దాన్నే జూలై 10న ప్రసారం చేశారు. ఆ తేదీని ఇప్పటికీ అల్ట్రామాన్ దినంగా అభిమానులు జరుపుకుంటారు. మొదటి వారం నుంచే గడువుతో పరుగుపందెం అన్నమాట. ఆ పందెంలో అందరికన్నా ఎక్కువ నలిగినది తొడుగులోని మనిషే.

సముద్రంలో మునిగే ఈతగాళ్ళు వేసుకునే రబ్బరు దుస్తు వంటిదే ఈ తొడుగు. వీపున జిప్పు, తల మొత్తం మూసే ముసుగు. లోపలి మనిషి చూడటానికి కళ్ళ కింద చిన్న రంధ్రాలు. తన చూపు ఎంత మేర ఆనుతుందో ఆ రంధ్రాలే నిర్ణయిస్తాయి. అంత సన్నని సందులోంచి చూస్తూ ఎదుటి భూతం ఎంత దూరంలో ఉందో, కాలి కింద ఏ బొమ్మ ఇల్లు ఉందో, ఏ మూల మందుగుండు పేలబోతుందో గుర్తుపెట్టుకొని నటించాలి. మొదట చేసిన ముసుగు నోరు కదిలేట్టు మెత్తని పదార్థంతో తయారైంది. ఆ ఏర్పాటును వాడిందే లేదు సరికదా, చెంపల మీద ముడతలు పడ్డాయి. 14వ భాగం నుంచి గట్టి ముసుగు వచ్చింది, 30వ భాగం నుంచి మరొకటి. ఆ ధారావాహికను శ్రద్ధగా చూసేవారు ఈ మూడు ముఖాలను ఇప్పటికీ గుర్తుపట్టి చెప్పగలరు.

దీపాల వేడికి లోపల చెమట ధారలు కట్టేది. దృశ్యం ముగిసి బూటు విప్పితే అందులోంచి చెమట నీళ్ళలా కారేదని ఫురుయా తర్వాత చెప్పుకున్నారు. తిండి సయించేది కాదు. దెబ్బలు సరేసరి. కొన్నాళ్ళు గడిచేసరికి ఇక తనవల్ల కాదనిపించింది. ఒకరోజు మానేస్తానని చెప్పడానికే నిశ్చయించుకొని చిత్రీకరణ స్థలానికి బస్సులో బయలుదేరారు. ఆ బస్సులో కొందరు పిల్లలు ఎక్కారు. వాళ్ళ కబుర్లన్నీ అల్ట్రామాన్ గురించే. మొన్న ఎట్లా వచ్చాడు, ఎట్లా కొట్టాడు, కళ్ళు ఎట్లా మెరిశాయి. పక్కన కూర్చున్న సన్నని యువకుడు ఎవరో వాళ్ళకు తెలియదు. తెలియవలసిన పని కూడా లేదు. బస్సు దిగిన ఫురుయా మానేస్తానన్న మాట చెప్పలేదు, వెళ్ళి తొడుగు వేసుకున్నారు.

ఈ సంఘటనను ఆయన తన ఆత్మకథలో రాసుకున్నారు, ఎన్నో సభల్లో చెప్పారు. నాకు ఇందులో ఆశ్చర్యం కలిగించేది ఒకటుంది. తమ పక్కనున్నవాడే అల్ట్రామాన్ అని ఆ పిల్లలకు తెలిసి ఉంటే అది మామూలు పొగడ్త అయ్యేది. తెలియదు కాబట్టే తన పని ఎక్కడిదాకా చేరిందో ఆయనకు అర్థమైంది.

ఇక నటన సంగతి. అల్ట్రామాన్ నడుం వంచి, మోకాళ్ళు మడిచి, చేతులు ముందుకు చాచి పొంచి నిలబడతాడు. నిటారుగా ఛాతీ విరుచుకొని నిలబడే వీరుల తీరు కాదది. ఆ భంగిమకు మూలం జేమ్స్ డీన్ అని ఫురుయాయే చెప్పారు. 1955 నాటి 'రెబెల్ వితౌట్ ఎ కాజ్' చిత్రంలో ఒక కత్తుల పోరు ఉంది, అందులో డీన్ అట్లా వంగి కాచుకుంటాడు. కథానాయకుడు కావాలని కలలుగన్న తోహో కుర్రవాడు తన అభిమాన నటుణ్ణి ముఖం లేని వేషంలోకి అట్లా తెచ్చుకున్నారు. జపాన్‌లో తరతరాల పిల్లలు ఆడుకునేటప్పుడు పట్టే ఆ భంగిమ ఒక అమెరికన్ చిత్రం నుంచి దారి తప్పి వచ్చినదని వాళ్ళలో ఎందరికి తెలుసో!

రెండోది కిరణం. ఎడమచేతిని అడ్డంగా, కుడిచేతిని నిలువుగా పెట్టి అల్ట్రామాన్ 'స్పెసియం' కిరణం వదులుతాడు. ఆ కిరణం చిత్రీకరణలో ఉండదు. ఫిల్ము మీద తర్వాత గీసి కలుపుతారు. చేతులు వెంట్రుకవాసి కదిలినా గీసిన కిరణం చేతికి అతకదు. అందుచేత అంత పోరాటం మధ్యలో, రొప్పుతూ, చెమటలు కక్కుతూ, ఆయన ఒక్కసారిగా శిలలా నిలబడాలి. అద్దం ముందు ఆ భంగిమను రోజుకు వందలసార్లు అభ్యాసం చేసేవారట. తెర మీద అది కొద్ది క్షణాలు మాత్రమే. అన్నట్టు, ఆయన రొమ్ము మీద నీలం నుంచి ఎరుపుకు మారి మిణుకుమిణుకుమనే దీపం నారిటా గీసిన రూపంలో లేదు. వీరుడికి కాలపరిమితి ఉంటే పోరాటం రక్తి కడుతుందని దాన్ని తర్వాత చేర్చారు. ఆ పరిమితి రానురాను మూడు నిమిషాలుగా స్థిరపడింది. ఆ దీపమన్నా, జిప్పును కప్పే వీపు మీది రెక్కన్నా, కళ్ళ కింది రంధ్రాలన్నా నారిటాకు చివరిదాకా ఇష్టం లేదు. ఈ సంగతి గుర్తుంచుకోండి, మళ్ళీ అవసరం పడుతుంది.

10వ భాగంలో జిరాస్ అనే భూతం వస్తుంది. అది గాడ్జిల్లా తొడుగుకే మెడ చుట్టూ ఒక చర్మపు విసనకర్ర తగిలించి తయారుచేసినది. అందులో ఉన్నది మరెవరో కాదు, గాడ్జిల్లాను పన్నెండేళ్ళుగా మోస్తున్న హరువో నకజిమా. ఎద్దుల పోటీలాగా అల్ట్రామాన్ జిరాస్‌ను ఆడిస్తాడు, చివరికి ఆ విసనకర్రను పీకేస్తాడు. చచ్చిన భూతం మీద దాన్ని కప్పి గౌరవిస్తాడు కూడా. తొడుగు నటనకు ఆద్యుడైన మనిషీ, అప్పుడే దానికి కొత్త రూపం ఇస్తున్న మనిషీ ఎదురెదురుగా నిలిచిన దృశ్యం అది. ఇద్దరి ముఖాలూ కనబడవు. చూసే పిల్లలకు అక్కడున్నవి ఒక భూతమూ ఒక వీరుడూ, అంతే.

23వ భాగం గురించి కూడా చెప్పాలి. దర్శకులు అకియో జిస్సోజి, రచయిత మమోరు ససాకి. జమీలా అనే భూతం నిజానికి ఒక మనిషి. అంతరిక్షంలో తప్పిపోయి, స్వదేశం వదిలేస్తే, నీరు లేని గ్రహం మీద బతికి వికృతంగా మారిపోయిన వ్యోమగామి. పగతో భూమికి తిరిగి వస్తాడు. వాడికి నీరే విషం. అల్ట్రామాన్ నీళ్ళు చిమ్మి వాణ్ణి చంపుతాడు. జమీలా బురదలో పొర్లుతూ ప్రాణం విడుస్తాడు. ఈ భాగంలో గెలుపు గెలుపులా ఉండదు. ముసుగు మీది చిరునవ్వు మారదు, మారలేదు. అయినా ఆ సన్నివేశంలో వీరుడు సంతోషంగా లేడని మనకు అనిపిస్తుంది. అది నిలబడిన తీరు వల్ల వచ్చినదా, దర్శకుడి కెమెరా వల్ల వచ్చినదా, మన మనసులోంచి వచ్చినదా అని విడదీసి చెప్పడం కష్టం. బహుశా ముసుగు నటన అంటే ఈ మూడూ కలిసే చోటు.

1967 ఏప్రిల్ 9న 39వ భాగంతో ధారావాహిక ముగిసింది. ఆ భాగంలో జెట్టన్ అనే భూతం చేతిలో అల్ట్రామాన్ ఓడిపోతాడు. తన లోకం నుంచి జోఫీ వచ్చి తీసుకుపోతాడు. జనం చూడక ఆపేసినది కాదు. సగటున 36.8 శాతం ఇళ్ళలో చూశారు, ఒక దశలో అది 42.8 శాతానికి చేరింది. అంత నాణ్యతతో వారానికొక భాగం తీయడం సంస్థవల్ల కాక ఆపవలసి వచ్చింది.

తర్వాతి ధారావాహిక 'అల్ట్రా సెవెన్' 1967 అక్టోబరు 1న మొదలైంది. ఇందులో ఫురుయాకు ఎట్టకేలకు ముఖం దొరికింది. భూమిని కాపాడే దళంలో అమాగి అనే సభ్యుడి వేషం ఆయనది. శాస్త్రజ్ఞానం ఉన్నవాడు, కొంచెం బెరుకు మనిషి. 28వ భాగంలో పేలుడు పదార్థాన్ని వందల కిలోమీటర్లు మోసుకుపోయే వాహనంలో, మందుగుండంటే చిన్నప్పటినుంచీ వణికిపోయే అమాగి కూర్చోవలసి వస్తుంది. ఏడాదిపాటు నిజమైన పేలుళ్ళ మధ్య ముసుగులో గెంతిన మనిషికి మందుగుండు భయం నటించే వేషం రావడం ఒక చమత్కారం. మరి సెవెన్ తొడుగులో ఎవరు? కోజి ఉయెనిషి అనే మరో నటుడు. ఆయన శరీరాకృతి వేరు గనుక నారిటా రూపాన్నే మార్చవలసి వచ్చింది. వెండి దేహం పోయి ఎర్రని దేహం వచ్చింది. నటుడు మారితే దేవుడి రూపం మారింది! కనబడని నటుడు ఎంతగా కనబడుతున్నాడో చెప్పడానికి ఇంతకన్నా రుజువు అక్కరలేదు.

1968 సెప్టెంబరులో 'అల్ట్రా సెవెన్' ముగిసింది. ఆ తర్వాత ఫురుయా నటన వదిలేశారు. 'బిన్ ప్రొమోషన్' అనే సంస్థ పెట్టి, బహుళ అంతస్తుల దుకాణాల్లో, వినోద వనాల్లో తొడుగు వేషాలతో పిల్లలకు ప్రదర్శనలు ఇప్పించారు. టీవీ పెట్టెలోని వీరుణ్ణి ఎదురుగా చూడాలన్న పిల్లల కోరిక ఆయనకు ఆ బస్సులోనే తెలిసింది కదా. ఆ వ్యాపారం రెండు దశాబ్దాలకు పైగా నడిచింది. 1990ల తొలినాళ్ళలో జపాన్ ఆర్థికస్థితి తలకిందులైనప్పుడు సంస్థ మూతపడింది. ఫురుయా పాత మిత్రులకు కూడా కబురు లేకుండా అదృశ్యమయ్యారు. ఆయన చనిపోయారన్న పుకారు సైతం పుట్టింది. మొదటి నుంచీ ముఖం తెలియని మనిషి గనుక వీధిలో ఎదురుపడినా గుర్తుపట్టేవారు లేరు.

2000ల చివరలో ఆయన మళ్ళీ వెలుగులోకి వచ్చారు. 'అల్ట్రా సెవెన్'లో ఆన్ వేషం వేసిన యూరికో హిషిమి వంటి సహనటులను కలుసుకున్నారు. 2009లో 'అల్ట్రామాన్ అయిన మనిషి' అనే అర్థం వచ్చే పేరుతో ఆత్మకథ ప్రచురించారు. జపాన్‌లోనూ అమెరికాలోనూ అభిమానుల సభలకు వెళ్ళారు. తల నెరసిన మనుషులు వరుసలో నిలబడి, ఆయన ముందు చేతులు అడ్డంగా నిలువుగా పెట్టి ఫోటోలు దిగారు. బస్సులో ఆయన పక్కన కూర్చున్న పిల్లల తరం అదే.

కథ ఇక్కడితో ముగిసినా లోటేమీ ఉండేది కాదు. కానీ 2022 మే 13న 'షిన్ అల్ట్రామాన్' అనే చలనచిత్రం విడుదలైంది. దర్శకులు షింజి హిగుచి, రచయిత హిదెయాకి అన్నో. ఈ అన్నో 1983లో ఔత్సాహిక మిత్రులతో ఒక అల్ట్రామాన్ చిత్రం తీసి, అందులో ముసుగు లేకుండా కళ్ళద్దాలతో తన ముఖంతోనే అల్ట్రామాన్‌గా నటించిన మనిషి. అంత పిచ్చి అభిమానం. కొత్త చిత్రంలో ఆయన నారిటా మనసులోని అసలు రూపాన్ని తేవాలనుకున్నారు. నారిటా 2002లోనే కన్నుమూశారు. ఆయనకు ఇష్టం లేని మూడూ తీసేశారు. రొమ్ము మీది దీపం లేదు, వీపు మీది రెక్క లేదు, కళ్ళ కింది రంధ్రాలు లేవు. కంప్యూటర్ మీద తయారైన దేహం కాబట్టి జిప్పూ అక్కరలేదు, లోపల నుంచి చూసే మనిషీ అక్కరలేదు.

మరి కదలిక ఎక్కడి నుంచి రావాలి? ఆ కంప్యూటర్ దేహానికి కదలికలు ఇవ్వడానికి 75 ఏళ్ళు దాటిన బిన్ ఫురుయాను పిలిచారు. ఆయన కదలికలను యంత్రాలతో నమోదుచేసి ఆ వెండి దేహానికి అమర్చారు. చిత్రం చివర వచ్చే పేర్లలో అల్ట్రామాన్ కదలికల నటులుగా ఆయన పేరూ అన్నో పేరూ ఉన్నాయి. తొడుగు అవసరం తీరిపోయిన కాలంలో కూడా తొడుగులోని మనిషి అవసరం తీరలేదు.

యువకుడిగా ఉన్నప్పుడు ఆయన్ను వేధించిన ప్రశ్నకు, అంటే ముఖమూ గొంతూ తీసేస్తే నటుడిలో మిగిలేది ఏమిటన్నదానికి, ఆయన యాభై ఏళ్ళకు పైగా వేచి అందుకున్న జవాబు ఇది. నడుం ఎంత వంచాలి, చేతులు ఎంత చాచాలి, ఎక్కడ ఆగాలి అన్న ఆ కొలత ఆయన ఒంట్లోనే ఉంది. రబ్బరు ఎప్పుడో చివికిపోయింది, ఆ కొలత మాత్రం పోలేదు.

మా నాయనమ్మ ఇప్పుడు లేదు. జెయింట్ రోబోట్ వచ్చే వేళకు ఆమె ఏనాడూ కథ పట్టించుకోలేదు. ఎవరు గెలుస్తారన్న ఆసక్తి కూడా ఆమెకు లేదు. లోపల ఉన్నవాడికి ఉక్కపోస్తోందా, ఊపిరాడుతోందా అన్నదే ఆమె చూసింది. మేం పగలబడి నవ్విన ఆ మాటను ఫురుయా ఆత్మకథ సంగతులు చదువుతున్నప్పుడు ఎన్నిసార్లు తలుచుకున్నానో. ఉక్కపోసింది నాయనమ్మా. చెమట బూటులోంచి పారబోసేంతగా పోసింది. అయినా ఆ మనిషి బస్సు దిగి మళ్ళీ లోపలికే వెళ్ళాడు.